నల్లగొండలో ఒక కన్సోల్, పాలమూరులో ఒక కన్సోల్: దోస్తుతో డిజిటల్ గేములు పంచుకునే పద్ధతి

సోనీ తన గేమ్ కన్సోల్ ప్లేస్టేషన్ 5 (పీఎస్5) కోసం సొంతంగా తీసే గేమ్ కొత్తగా వచ్చినప్పుడు మన దేశపు స్టోర్‌లో చాలాసార్లు 4,999 రూపాయలుంటది. డిస్క్ కొంటే ఆడేశాక దోస్తు చేతిలో పెట్టొచ్చు, లేదంటే ఎవరికైనా అమ్ముకోవచ్చు. డిజిటల్ కొంటే చేతికి ఏమీ రాదు. మీ అకౌంటులో ఒక లైసెన్సు వచ్చి పడుతుంది, అంతే. దాన్ని ఇంకొకరి పేరు మీదికి మార్చలేం, తిరిగి అమ్మలేం. కానీ ఆ ఒక్క లైసెన్సుతోనే రెండు ఇళ్లలో రెండు కన్సోళ్ల మీద ఆడుకునే వీలు మాత్రం ఉన్నది. హ్యాకింగ్ అక్కర్లేదు, వేరే యాప్ అక్కర్లేదు. కన్సోల్ సెట్టింగ్స్‌లోనే ఆ మీట ఉంటుంది.

చాలామంది యూట్యూబ్‌లో చూసి ఆ మీట నొక్కేస్తారు. నొక్కితే ఏం జరుగుతుందో తెలియక, నెట్ పోయిన రోజు "అన్నా, నేను పైసలు పెట్టి కొన్న గేమే లాక్ చూపిస్తున్నది" అని ఫోన్ చేస్తారు. అందుకని మెట్ల కంటే ముందు లెక్క చెప్తాను. అది అర్థమైతే మెట్లు మీకు మీరే పెట్టుకోగలరు.

ముందు లెక్క

మీరు కొన్న డిజిటల్ గేమ్ రెండు దారుల్లో తెరుచుకుంటుంది.

మొదటి దారి అకౌంటుది. కొన్న అకౌంటుతో మీరు ఏ కన్సోల్‌లో లాగిన్ అయినా గేమ్ తెరుచుకుంటుంది. షరతు ఒక్కటే, నెట్ ఉండాలి. గేమ్ తెరిచేటప్పుడు కన్సోల్ సర్వర్‌ని అడిగి చూసుకుంటుంది.

రెండో దారి కన్సోల్‌ది. మీ అకౌంటు తరఫున ఒకే ఒక్క కన్సోల్‌ని ఎంచుకోవచ్చు. ఆ కన్సోల్ మీద మీ గేములన్నీ ఎవరి ప్రొఫైల్ నుంచైనా తెరుచుకుంటాయి. నెట్ లేకపోయినా సరే. దీన్నే పీఎస్4లో ప్రైమరీ అంటారు, పీఎస్5లో కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే అంటారు, మైక్రోసాఫ్ట్ వాళ్ల ఎక్స్‌బాక్స్‌లో హోమ్ ఎక్స్‌బాక్స్ అంటారు. పేర్లు మూడు, పని ఒకటే.

మామూలుగా ఈ రెండు దారులూ మన ఇంట్లో ఉన్న ఒకే కన్సోల్‌కి పోతుంటాయి. అంటే రెండో దారి ఊరికే పడి ఉన్నట్టే. చేయాల్సిందల్లా ఆ రెండో దారిని దోస్తు ఇంటికి తిప్పడం, వాళ్ల రెండో దారిని మన ఇంటికి తిప్పుకోవడం.

పేర్లు కలిసిపోకుండా ఊళ్లతోనే చెప్పుకుందాం. నల్లగొండలో ఉన్నవాళ్ల అకౌంటు నల్లగొండ అకౌంటు, మహబూబ్‌నగర్‌లో ఉన్నవాళ్లది పాలమూరు అకౌంటు. నల్లగొండ అకౌంటుకు షేరింగ్ కన్సోల్‌గా పాలమూరులోని మెషీన్‌ని పెడతాం. పాలమూరు అకౌంటుకు షేరింగ్ కన్సోల్‌గా నల్లగొండలోని మెషీన్‌ని పెడతాం. ఆ తర్వాత ఎవరింట్లో వాళ్లు, ఎవరి ప్రొఫైల్‌లో వాళ్లు ఆడుకుంటారు. సేవ్‌లు, అంటే ఆటలో ఎంతదాకా వచ్చామో దాచిపెట్టినవి, ఎవరివి వాళ్లకే, ట్రోఫీలు ఎవరివి వాళ్లకే. ఒకే కొనుగోలు మీద ఇద్దరూ ఒకే సమయంలో ఆడొచ్చు, ఒకరి మీద ఒకరు ఆన్‌లైన్ మ్యాచ్ కూడా వేసుకోవచ్చు.

ఇందులో తిరకాసు ఇదీ: మార్చుకున్నాక నల్లగొండ కన్సోల్‌లో నెట్ లేకున్నా తెరుచుకునేవి పాలమూరు వాళ్లు కొన్న గేములు. నల్లగొండ వాళ్లు సొంతంగా కొన్నవాటికి మాత్రం నెట్ తప్పనిసరి. సొంత గేముకు నెట్ కావాలి, దోస్తు గేముకు అక్కర్లేదు. తలకిందులుగా అనిపిస్తుంది, కానీ అదే నిజం. గాలివానకు ఫైబర్ వైరు తెగిపోయి రెండు రోజులు మనిషి రాని వాడలో ఉండేవాళ్లు, ఇంట్లో రౌటర్‌కి ఇన్వర్టర్ కనెక్షన్ లేనివాళ్లు ఈ మాట బాగా ఆలోచించుకోవాలి. 2025 ఫిబ్రవరి 7, 8 తేదీల్లో ప్లేస్టేషన్ నెట్‌వర్క్ దాదాపు ఒక రోజంతా పడిపోయింది. సోనీ తర్వాత పీఎస్ ప్లస్ అనే తన చందా సేవ సభ్యులకు ఐదు రోజులు అదనంగా ఇచ్చింది. అలాంటి రోజున ఇలా మార్చుకున్నవాళ్ల ఇళ్లల్లో నెట్ బాగానే ఉన్నా, వాళ్లు సొంతంగా కొన్న డిజిటల్ గేములు తెరుచుకోవు. సర్వర్ అవతల పలికేవాళ్లు ఉండరు కదా.

ఈ లెక్క మొదటి నుంచీ ఇంతే కాదు. పీఎస్3 కాలంలో ఒక అకౌంటు గేములు ఐదు మెషీన్ల మీద నడిచేవి. 2011 నవంబరులో సోనీ దాన్ని రెండుకు తగ్గించింది. ఎక్స్‌బాక్స్ వన్‌ని 2013లో ప్రకటించినప్పుడు మైక్రోసాఫ్ట్ రోజుకోసారి నెట్‌లో హాజరు వేయించుకోవాలన్నది, దాంతోపాటే పదిమంది దాకా కుటుంబ సభ్యులతో పంచుకోవచ్చనీ అన్నది. గొడవ లేచింది. ఆ జూన్‌లోనే రెండూ వెనక్కి పోయాయి. ఆ గొడవ నడుమనే సోనీ ఒక చిన్న వీడియో వదిలింది. పీఎస్4 గేమ్ పంచుకోవడం ఎట్లా అంటే, ఒకాయన డిస్క్ తీసి పక్కాయన చేతిలో పెడతాడు, వీడియో అయిపోతుంది. నవ్వుకున్నాం గానీ, డిజిటల్ కొన్నవాళ్లకు ఆ వీడియోలో జవాబు లేదు.

ఎవరితో పెట్టుకోవాలి

ఒక్క మనిషితోనే. మీ అకౌంటుకు షేరింగ్ పీఎస్5 ఒకటే, హోమ్ ఎక్స్‌బాక్స్ ఒకటే. ముగ్గురు గుండ్రంగా పెట్టుకోవడం కూడా సాధ్యమే: నల్లగొండది పాలమూరుకు, పాలమూరుది సూర్యాపేటకు, సూర్యాపేటది నల్లగొండకు. కానీ అప్పుడు ఎవరికైనా తనవీ, ఇంకొక్కరివీ తప్ప మూడోవాళ్లవి రావు. పైగా ఒకరు అలిగి బయటికి పోతే ముగ్గురివీ చెడతాయి. నా సలహా, దాని జోలికి పోకండి.

ఒక వెసులుబాటు ఉన్నది. పీఎస్4 ప్రైమరీ, పీఎస్5 కన్సోల్ షేరింగ్ వేర్వేరు లెక్కలు. ఒకే అకౌంటుకు ఒక పీఎస్4 ప్రైమరీగా, ఒక పీఎస్5 షేరింగ్ కన్సోల్‌గా ఉండొచ్చు. ఊర్లో మేనమామ ఇంట్లో పాత పీఎస్4 ఉంటే మీ పీఎస్4 వెర్షన్ గేములు అక్కడ పిల్లలు ఆడుకోవచ్చు, దోస్తుతో పెట్టుకున్న పీఎస్5 ఒప్పందం చెడదు.

ఇంకో మాట దాచకుండా చెప్పాలి. కంపెనీలు ఈ సదుపాయం పెట్టింది ఒక కన్సోల్ మీద ఆడుకునే ఇంటివాళ్ల కోసం. అకౌంటు వివరాలు బయటివాళ్ల చేతిలో పెట్టొద్దని నిబంధనల్లో ఉంటుంది. అందుకే ఇక్కడ పాస్‌వర్డ్ చెప్పే పద్ధతి ఎక్కడా రాయలేదు. ఇంటి తాళంచెవి ఎవరి చేతికి ఇస్తారో వాళ్లతోనే ఈ ఒప్పందం పెట్టుకోండి. అన్నదమ్ములు, బావామరుదులు, చిన్నప్పటి దోస్తులు. ఆన్‌లైన్ మ్యాచ్‌లో పరిచయమైన "బ్రో" కాదు.

మొదలు పెట్టే ముందు

రెండు కన్సోళ్లూ ఒకే కంపెనీవి అయి ఉండాలి. పీఎస్5కీ ఎక్స్‌బాక్స్‌కీ పొత్తు కుదరదు. డిస్క్ ఉన్న మోడలా, డిజిటల్ మోడలా అన్నది ఈ పనికి అడ్డు కాదు, కానీ డిస్క్ గేములు ఈ పద్ధతిలో పంచుకోలేం. స్టోర్‌లో కొన్నవే పోతాయి.

ఇద్దరి అకౌంట్లూ ఒకే దేశపు స్టోర్‌లో ఉంటే తలనొప్పి తక్కువ. అమెరికాలో ఉన్న అన్న తెరిచిపెట్టిన అకౌంటు కొందరికి ఉంటుంది. గేమ్ వరకు పంచుకోవచ్చు. కానీ అదనపు కంటెంట్, అంటే డీఎల్‌సీ, గేమ్ ఏ ప్రాంతానిదో ఆ ప్రాంతపు స్టోర్‌లోనే కొనాలి. ఇండియా స్టోర్ డీఎల్‌సీ అమెరికా గేముకు అతకదు.

తర్వాత భద్రత. ఇది తొందరగా దాటేసే భాగం కాదు.

అకౌంటులో దాచిన కార్డు వివరాలు తీసేయండి. గేమ్ కొనేటప్పుడు వాలెట్‌లో అవసరమైనంత వేసుకుంటే చాలు. కొనే ముందు పాస్‌వర్డ్ అడిగే ఆప్షన్‌ని ఆన్ చేయండి. దోస్తు మీద అనుమానంతో కాదు. దోస్తు ఇంట్లో ఆరేళ్ల పిల్లవాడు కంట్రోలర్ పట్టుకుని స్టోర్‌లో ఎక్స్ బటన్ నొక్కుతూ పోతే ఆపేది ఆ పాస్‌వర్డే. టూ స్టెప్ వెరిఫికేషన్, అంటే పాస్‌వర్డ్‌తోపాటు ఇంకో కోడ్ కూడా అడిగేది, పెట్టండి. పెట్టాక వచ్చే బ్యాకప్ కోడ్లు కాగితం మీద రాసి బీరువాలో పెట్టండి. ఫోన్ పోయిన రోజు వాటి విలువ తెలుస్తది.

పీఎస్5 మీద, మెట్టు మెట్టుగా

దసరా సెలవులకో, ఏదన్నా పెండ్లికో ఇద్దరూ కలిసే రోజు చూసుకోండి. కన్సోల్ మోసుకుపోవాల్సిన పని లేదు. మొదటి పీఎస్5 నాలుగున్నర కిలోలు. దేవరకొండ, కల్వకుర్తి మీదుగా బస్సులో ఒళ్లో పెట్టుకుని పోవాలంటే మనసు రాదు. మనిషి పోతే చాలు, ఫోన్ చేతిలో ఉంటే చాలు.

1. బయల్దేరే ముందు మీ ఇంట్లో, మీ పీఎస్5లో, మీ ప్రొఫైల్ నుంచి సెట్టింగ్స్ తెరవండి. యూజర్స్ అండ్ అకౌంట్స్, దాంట్లో అదర్, దాంట్లో కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే. అక్కడ డిసేబుల్ చేయండి. కొత్త పీఎస్5లో మొదటిసారి లాగిన్ అయినప్పుడు ఇది సాధారణంగా ఆన్ అయి ఉంటుంది, ఎప్పుడు నొక్కామో మనకు గుర్తుండదు. ఇట్లా పాతచోట ఆపుకుని పోతే కొత్తచోట మళ్లీ ప్రశ్నలు రావు.

2. దోస్తు ఇంట్లో వాళ్ల పీఎస్5 ఆన్ చేసి, యూజర్‌ని ఎంచుకునే తెరలో కొత్త యూజర్‌ని చేర్చండి. లాగిన్ అడిగినప్పుడు తెర మీద క్యూఆర్ కోడ్ వస్తుంది. మీ ఫోన్‌తో స్కాన్ చేసి అనుమతి ఇవ్వండి. పాస్‌వర్డ్ ఎవరికీ చెప్పక్కర్లేదు, కంట్రోలర్‌తో ఒక్కో అక్షరం వెతుక్కుంటూ కొట్టక్కర్లేదు.

3. మీ ప్రొఫైల్‌లో ఉండగానే పైన చెప్పిన దారిలోనే పోయి ఈసారి ఎనేబుల్ నొక్కండి.

4. యూజర్స్ అండ్ అకౌంట్స్‌లోనే లాగిన్ సెట్టింగ్స్ ఉంటాయి. అక్కడ మీ ప్రొఫైల్‌కి నాలుగంకెల పాస్‌కోడ్ పెట్టండి. ఇది ఆ కన్సోల్‌కి మాత్రమే పనికొచ్చే అంకె, అకౌంటు పాస్‌వర్డ్‌తో సంబంధం లేదు.

5. గేమ్ లైబ్రరీకి పోయి దోస్తు ఆడాలనుకునే గేములు డౌన్‌లోడ్‌కి పెట్టండి. డౌన్‌లోడ్ మొదలుపెట్టేది కొన్నవాళ్ల ప్రొఫైల్ నుంచి. దిగాక అన్ని ప్రొఫైళ్లకూ కనిపిస్తుంది.

6. దోస్తు ప్రొఫైల్‌లోకి మారి గేమ్ తెరిచి చూడండి. తెరుచుకుంటే సగం పని అయినట్టు.

7. ఇప్పుడు దోస్తు అకౌంటుతో ఇదంతా మీ కన్సోల్‌లో. వాళ్లు మీ ఇంటికి వచ్చిన రోజు చేస్తే మేలు. రాలేకపోతే వాట్సాప్ వీడియో కాల్‌లో మీ టీవీ మీది క్యూఆర్ చూపిస్తే వాళ్లు తమ ఇంకో ఫోన్‌తో స్కాన్ చేయొచ్చు. కాల్‌లో మనిషి ముఖం చూస్తూ చేసే పని ఇది. ఫొటోగా ఎవరో పంపిన క్యూఆర్‌ని స్కాన్ చేసి అనుమతి ఇవ్వడం అంటే అకౌంటు తాంబూలంలో పెట్టి ఇచ్చినట్టే.

అయిపోయాక అవతలివాళ్ల ప్రొఫైల్ మీ కన్సోల్‌లో ఉండనివ్వండి. "ఇదెవరిది, ఎందుకు" అని ఇంట్లో ఎవరైనా డిలీట్ చేస్తే మళ్లీ మొదటికి వస్తారు.

కొత్తగా గేమ్ కొన్నప్పుడల్లా పాలమూరు పోవాలా? అక్కర్లేదు. ఫోన్ చేసి ఆ నాలుగంకెలు చెప్తే దోస్తు మీ ప్రొఫైల్‌లోకి పోయి డౌన్‌లోడ్ పెట్టుకుంటారు. కొనే ముందు పాస్‌వర్డ్ అడిగేలా ముందే పెట్టాం కాబట్టి భయం లేదు.

పీఎస్4లో దారి కొంచెం వేరు: సెట్టింగ్స్, అకౌంట్ మేనేజ్‌మెంట్, యాక్టివేట్ యాజ్ యువర్ ప్రైమరీ పీఎస్4. పాత మెషీన్‌లో డీయాక్టివేట్ చేసి, కొత్తదాంట్లో యాక్టివేట్ చేయాలి. మిగతాదంతా పైన చెప్పినట్టే.

ఎక్స్‌బాక్స్ మీద

ఇక్కడ పని ఇంకా తేలిక. దోస్తు ఎక్స్‌బాక్స్‌లో మీ ప్రొఫైల్ చేర్చి సైన్ ఇన్ అవ్వండి. సెట్టింగ్స్, జనరల్, పర్సనలైజేషన్, మై హోమ్ ఎక్స్‌బాక్స్, మేక్ దిస్ మై హోమ్ ఎక్స్‌బాక్స్. దోస్తు మీ దాంట్లో అట్లాగే చేస్తారు. మీ ప్రొఫైల్‌కి పిన్ అడిగేలా సైన్ ఇన్ సెట్టింగ్స్‌లో పెట్టుకోండి.

తేలికే కానీ లెక్కపెట్టి నొక్కాలి. హోమ్ ఎక్స్‌బాక్స్‌ని ఏడాదికి ఐదుసార్లే మార్చనిస్తారు. సరదాకి అటూ ఇటూ తిప్పితే ఐదూ అయిపోయి, నిజంగా అవసరమైన రోజున తెర మీద "కుదరదు" అని వస్తది.

ఎక్స్‌బాక్స్ చందా సేవ గేమ్ పాస్ ఉన్నవాళ్లకు లాభం ఎక్కువ. సభ్యత్వం ఉన్న అకౌంటుకు హోమ్‌గా ఉన్న కన్సోల్‌లో మిగతా ప్రొఫైళ్లూ ఆ గేములు ఆడొచ్చు. ఇద్దరిలో ఒకరు కడితే చాలు. మరి ఇంకొకరు ఏం చేయాలి? గేమ్ పాస్‌లో రాని గేములు వాళ్లు కొనాలి. ఇది కాగితం మీద సమానంగా కనబడదు గానీ ఆడే మనుషులకు సరిపోతది.

నెట్ నెమ్మదిగా ఉన్న ఊళ్లకు ఎక్స్‌బాక్స్‌లో ఒక మంచి వీలున్నది. 128 జీబీ లేదా అంతకు మించిన యూఎస్‌బీ 3 డ్రైవ్‌లోకి గేమ్ కాపీ చేసి, దోస్తు ఇంటికి తీసుకుపోయి పెడితే, డౌన్‌లోడ్ లేకుండా అక్కడ కనిపిస్తుంది. లైసెన్సు హోమ్ కన్సోల్ నుంచి వస్తుంది. కొత్త తరం ఎక్స్‌బాక్స్‌లైన సిరీస్ ఎస్, సిరీస్ ఎక్స్ కోసం ప్రత్యేకంగా తీసిన గేములు బయటి డ్రైవ్ మీద నేరుగా నడవవు, లోపలి స్టోరేజీలోకి మార్చుకోవాలి. అయినా వంద జీబీ నెట్‌లో దించడం కంటే పది రెట్లు నయం.

నెట్ వైరు పీకి చూడండి

సెట్టింగ్ సరిగా కుదిరిందో లేదో తెలుసుకోవడానికి ఒక్కటే పరీక్ష. నల్లగొండ కన్సోల్‌లో నల్లగొండ ప్రొఫైల్‌తో ఉండి, సెట్టింగ్స్‌లో నెట్ ఆపేయండి. పాలమూరు వాళ్లు కొన్న గేమ్ తెరుచుకోవాలి. మీరు కొన్న గేమ్ తెరుచుకోకూడదు, లాక్ గుర్తు రావాలి. ఈ రెండూ ఇట్లాగే జరిగితే మార్పిడి పక్కా. రెండూ తెరుచుకున్నాయంటే మీ అకౌంటు ఇంకా మీ కన్సోల్‌కే అతుక్కుని ఉన్నట్టు, దోస్తుకు ఏమీ పోలేదు.

నెట్ మళ్లీ ఆన్ చేశాక కూడా లాక్ పోకపోతే గాభరా వద్దు. పీఎస్5లో అదే యూజర్స్ అండ్ అకౌంట్స్, అదర్ కింద రిస్టోర్ లైసెన్సెస్ అని ఉంటుంది. అది నొక్కండి. మామూలుగా "అన్నా, లాక్ పడ్డది" అనే ఫోన్లు దీంతోనే తీరిపోతాయి. దోస్తు గేముకు లాక్ పడితే మాత్రం అవతల ఎవరో షేరింగ్ మార్చారని అర్థం.

ఏవి పోతాయి, ఏవి పోవు

గేములు, డీఎల్‌సీలు పోతాయి. దోస్తు గేమ్ కొంటే దానికి డీఎల్‌సీ మీరు కొనుక్కోవచ్చు. అది మీ అకౌంటుకే ఉంటుంది. రేపు విడిపోతే గేమ్ లేకుండా డీఎల్‌సీ ఒక్కటే చేతిలో మిగులుతుంది, అందుకని పెద్ద మొత్తం పెట్టే ముందు ఆలోచించండి.

గేమ్ లోపల కొనే నాణేలు, పాయింట్లు, ప్యాక్‌లు పంచుకోలేం. కొన్న అకౌంటుకే. ఫుట్‌బాల్ గేమ్‌లో పాయింట్లు కొని "దోస్తుకు రాలేదేంది" అనొద్దు.

పీఎస్ ప్లస్ ఎట్లా పంచుకుంటారో చాలామందికి స్పష్టంగా తెలియదు. నల్లగొండ అకౌంటుకు ప్లస్ ఉందనుకోండి. షేరింగ్ పెట్టిన పాలమూరు కన్సోల్‌లో మిగతా ప్రొఫైళ్లు కూడా ఆన్‌లైన్ మ్యాచ్‌లు ఆడొచ్చు, ప్లస్‌తో వచ్చే గేములు ఆడొచ్చు. నల్లగొండలో అకౌంటు యజమాని ఎట్లాగూ ఆడతారు. ఒక సభ్యత్వం, రెండు ఇళ్లు. క్లౌడ్‌లో సేవ్ దాచుకోవడం, సభ్యులకిచ్చే తగ్గింపు ధరలు మాత్రం కట్టినవాళ్లకే. పాలమూరులో ఉన్నవాళ్లు తమ సేవ్‌లు కన్సోల్ లోపలే ఉన్నాయని గుర్తుంచుకోవాలి. మెషీన్ రిపేరుకు పోతే అవీ పోవచ్చు. పీఎస్5 గేముల సేవ్‌లు విడిగా యూఎస్‌బీకి కాపీ కావు, కాబట్టి యూఎస్‌బీ డ్రైవ్‌కి మొత్తం కన్సోల్ బ్యాకప్ తీసుకోండి. సభ్యత్వం ముగిసిన రోజు ప్లస్ గేములు రెండు ఇళ్లలోనూ ఆగిపోతాయి.

పైసల లెక్క

దోస్తానాలు చెడేది ఇక్కడే. అందరికీ మొదట తట్టే ఆలోచన, గేమ్ 4,999 అయితే చెరి 2,500 వేసుకుని ఒకరి అకౌంటులో కొందామని. ఫోన్‌పే కొట్టేసి సగం నాదనుకుంటారు. సగం ఎవరిదీ కాదు. గేమ్ ఏ అకౌంటులో కొన్నారో పూర్తిగా ఆ అకౌంటుదే. విడిపోయినప్పుడు సగం పైసలు వేసినవాళ్ల చేతిలో ఏమీ ఉండదు.

దానికంటే వంతులు పెట్టుకోండి. ఈసారి గేమ్ నల్లగొండ వాళ్లు పూర్తిగా కొంటారు, వచ్చేసారి పాలమూరు వాళ్లు. ఖర్చు దాదాపు అంతే, కానీ ఎప్పుడు విడిపోయినా ఎవరు కొన్నవి వాళ్ల దగ్గర ఉంటాయి. ధరలు అటూ ఇటూ అయినప్పుడు చిన్న గేములు కలుపుకుని సరిచూసుకోవచ్చు. మీకు జీవితాంతం ఉంచుకోవాలనిపించే గేమ్ ఉంటే, ఎవరి వంతైనా సరే, మీరే కొనండి.

వాపసు విషయంలో జర జాగ్రత్త. ప్లేస్టేషన్ స్టోర్‌లో కొన్న 14 రోజుల లోపు గేమ్ వాపసు అడగొచ్చు, కానీ డౌన్‌లోడ్ మొదలు పెట్టనంతవరకే. గేమ్‌లో లోపం ఉంటే తప్ప, డౌన్‌లోడ్ మొదలైతే సాధారణంగా పైసలు రావు. మీరు ఆలోచించుకుంటూ ఉంటే పాలమూరులో ఆత్రంతో డౌన్‌లోడ్ నొక్కేస్తే మీ వాపసు అక్కడితో పోయినట్టే. "నేను చెప్పేదాకా ముట్టొద్దు" అని ముందే చెప్పుకోండి.

డౌన్‌లోడ్, స్టోరేజీ

ఈ రోజుల్లో పెద్ద గేమ్ వంద జీబీ దాటడం మామూలే. 100 ఎంబీపీఎస్ కనెక్షన్ నిజంగా ఆ వేగం ఇస్తే వంద జీబీకి రెండుంబావు గంటలు. 30 ఎంబీపీఎస్ అయితే ఏడున్నర గంటలు. రాత్రి పెట్టి పడుకోండి. పీఎస్5లో సిస్టమ్, పవర్ సేవింగ్ కింద రెస్ట్ మోడ్‌లో నెట్ కనెక్ట్ అయి ఉండే ఆప్షన్ ఆన్ చేస్తే మెషీన్ నిద్రలో ఉండి కూడా దించుకుంటుంది. ప్లాన్‌కి నెలవారీ పరిమితి ఉంటే ఇంట్లోవాళ్ల సీరియళ్లకు ఎంత మిగులుతుందో కూడా చూసుకోవాలి, లేకపోతే కన్సోల్‌కే ఎసరు.

మొదటి పీఎస్5లో 825 జీబీ అని రాసి ఉన్నా వాడుకోవడానికి దొరికేది 667 జీబీ. 512 జీబీ సిరీస్ ఎస్‌లో 364 జీబీ. రెండు అకౌంట్ల గేములూ పట్టవు. ఆడేసినవి తీసేయండి. లైసెన్సు ఎక్కడికీ పోదు, మళ్లీ ఎప్పుడైనా దించుకోవచ్చు.

తక్కువ ధరకు అమ్మేవాళ్లు

టెలిగ్రామ్‌లో, ఇన్‌స్టాలో "ప్రైమరీ అకౌంట్ ఇంత, సెకండరీ అకౌంట్ ఇంత" అని అమ్ముతుంటారు. ఇప్పుడు మీకు అర్థమై ఉండాలి వాళ్లు అమ్మేది ఏంటో. పైన చెప్పిన రెండు దారులే. ఒకే గేమ్ కొని, కన్సోల్ దారిని ఒకరికి, అకౌంటు దారిని ఇంకొకరికి అమ్ముతున్నారు. ఈమెయిల్, పాస్‌వర్డ్ వాళ్ల చేతిలోనే ఉంటాయి. ఆరు నెలలకోసారి వెబ్‌సైట్ నుంచి అన్ని కన్సోళ్లనూ ఒక్క నొక్కుతో డీయాక్టివేట్ చేయొచ్చు. ఆ రోజు మీ గేముకు తాళం పడుతుంది, అదే గేమ్ ఇంకొకరికి అమ్ముడుపోతుంది. అకౌంట్లు అమ్మడం నిబంధనలకు విరుద్ధం కాబట్టి ఫిర్యాదు చేయడానికీ మొహం చెల్లదు. ఆ పైసలతో తగ్గింపు ధరలప్పుడు ఒక గేమ్ కొనుక్కోండి.

నింటెండో ఉన్నవాళ్లకు

నింటెండో వాళ్ల కన్సోల్ స్విచ్ మన దగ్గర అధికారికంగా అమ్మరు, హైదరాబాద్ నుంచో, గల్ఫ్ నుంచి వచ్చేవాళ్ల దగ్గరో తెచ్చుకున్నవే. నింటెండో 2025లో వర్చువల్ గేమ్ కార్డ్ అనే పద్ధతి తెచ్చింది. డిజిటల్ గేముని డిస్కులాగే ఒక కన్సోల్ నుంచి తీసి ఇంకోదాంట్లో పెట్టొచ్చు. ఎనిమిదిమంది దాకా ఉండే ఫ్యామిలీ గ్రూపులో ఒకరికి 14 రోజులకు అరువు ఇవ్వొచ్చు, గడువు అయితే దానంతటదే తిరిగొస్తుంది. అరువిచ్చేటప్పుడు రెండు కన్సోళ్లూ పక్కపక్కన ఉండాలి, ఇచ్చినన్నాళ్లు మీరు ఆడలేరు. ఒకే గేమ్ ఇద్దరూ ఒకేసారి ఆడాలంటే ఈ దారి పనికిరాదు.

విడిపోయేటప్పుడు

దీన్ని మొదటి రోజే మాట్లాడుకోవాలి. కన్సోల్ అమ్మాల్సి రావొచ్చు, చదువుకు బయటి దేశం పోవచ్చు, మాట పట్టింపు రావొచ్చు.

ఎక్స్‌బాక్స్‌లో సులువు. మీ ఇంట్లో మీ కన్సోల్‌ని హోమ్‌గా పెట్టుకుంటే దోస్తు దగ్గర దానంతటదే పోతుంది. ఐదింటిలో ఒకటి ఖర్చవుతుంది, అంతే.

పీఎస్5లో మంచిగా విడిపోతే, దోస్తు ఇంట్లో మీ ప్రొఫైల్ తెరిచి డిసేబుల్ చేసి, ప్రొఫైల్ తీసేసి, మీ ఇంటికి వచ్చి ఎనేబుల్ చేసుకోండి. దానికి పరిమితి లేదు. పోలేని పరిస్థితి అయితే వెబ్‌లో అకౌంట్ మేనేజ్‌మెంట్‌కి పోయి డివైస్ మేనేజ్‌మెంట్ కింద డీయాక్టివేట్ నొక్కాలి. ఇది ఆరు నెలలకు ఒక్కసారే. అందుకే దాన్ని చిన్న చిన్న అలకలకు వాడుకోవద్దు. దోస్తు కన్సోల్ దొంగల పాలైనప్పుడో, సర్వీసింగ్‌కి ఇచ్చింది తిరిగి రానప్పుడో అదొక్కటే దిక్కు.

కన్సోల్ అమ్మేటప్పుడు ఇద్దరికీ పని ఉంటుంది. అమ్మేవాళ్లు తమ అకౌంటు మాత్రమే తీసేసి మెషీన్ ఇచ్చేస్తే, అందులో ఉన్న దోస్తు అకౌంటు షేరింగ్ కొత్తవాళ్లతో పోతుంది. అమ్మకానికి పెట్టే ముందు ఫోన్ చేసి, ఆ నాలుగంకెలు అడిగి, దోస్తు ప్రొఫైల్‌లో కూడా డిసేబుల్ చేసి, ఆ తర్వాతే ఫ్యాక్టరీ రీసెట్ కొట్టండి.